రెండో బొత్తాం

నార్త్ హాలీవుడ్,
నవంబరు 14, 1971.

చిరంజీవి మేవిస్‌ను మనసారా దీవించి, పాపను ఇక్కడి నుంచే ముద్దాడి మీ అమ్మ రాస్తున్న ఉత్తరం.

ఇక్కడ క్షేమం. ‘మేమంతా క్షేమం’ అని రాయబోయి కలం ఆపాను. ‘మేమంతా’ అనడానికి ఈ ఇంట్లో ఇప్పుడు నేనూ పిల్లీ తప్ప ఎవరున్నారు? అక్కడ అలాస్కా చలిలో నువ్వూ, గ్లెన్, పాపా బాగున్నారని తలుస్తాను. పాప ఫొటో వంటింట్లో ఫ్రిజ్ తలుపుకి అంటించాను. ఏడు పౌన్ల పిల్ల నుదురు ముడుచుకుని, తీర్పు చెప్పబోయే జడ్జిలా చూస్తోంది. అచ్చం మీ నాన్నే. జడ్జి వేషాలు ఆయన ఆరో ఏడో వేశారు కదా.

నీ ఉత్తరం మంగళవారం అందింది. సరిగ్గా తింటున్నావా అని అడిగావు. తింటున్నాను. వీధిలోవాళ్ళు తెచ్చిపెట్టిన కాసరోల్ గిన్నెలు ఇంకా రెండు తిరిగి ఇవ్వాలి. మొన్న కాఫీలో చక్కెర అనుకుని ఉప్పు వేసుకున్నాను. కప్పు ఖాళీ అయ్యాక గాని నాకా సంగతి తెలియలేదు. చెంపదెబ్బ తిన్నదాన్నై ఎవరు కొట్టారో తెలియక తిరుగుతున్నట్టుంది నా పని. మీ నాన్న పోయి రెండు నెలలు దాటినా అదే దిమ్మ.

నాన్న టోపీలు ఏం చేశావన్నావు. పదకొండు టోపీలూ వీధి తలుపు పక్కన మేకులకే ఉన్నాయి. బ్యాంకు గుమస్తాది, రైలు గార్డుది, శవపేటికలు అమ్మేవాడి నల్లటి పొడుగు టోపీ, అన్నీ. సొంత బట్టలు తెచ్చుకునే నటుడికి పిలుపు ముందు వస్తుందని మీ నాన్న నమ్మకం. పెళ్ళయిన కొత్తలో నాకు రెండు గౌన్లుంటే ఆయనకి నాలుగు సూట్లూ ఒక పాదిరీ అంగీ ఉండేవి. గ్లెన్‌కి కావాలంటే గార్డు టోపీ పంపుతాను. నల్ల టోపీ మాత్రం అడగొద్దు. దాన్ని మేకు మీదే గోడవైపుకి తిప్పి పెట్టాను.

పాప పెద్దయ్యాక తాతయ్య ఎవరని అడిగితే ఏం చెప్పాలని రాశావు. ఉన్నది ఉన్నట్టు చెప్పు. నలభై ఒక్క ఏళ్ళు సినిమాల్లో ఉన్నాడు, రెండువందల పైచిలుకు బొమ్మల్లో కనిపించాడు, తెర మీద పేరు పడింది పంతొమ్మిదింట్లోనే అని చెప్పు. లోకంలో సగంమందికి ఆయన మొహం తెలుసు, ఎల్వుడ్ హాస్కిన్స్ అన్న పేరు ఒక్కరికీ తెలియదు. కూరగాయల కొట్లో జనం ఆగి, మిమ్మల్ని ఎక్కడో చూశానండీ, మా బ్యాంకులో పనిచేశారా అనేవారు. చేశానండీ, నన్ను అక్కడే కాల్చి చంపారు అనేవారీయన. దోపిడీ దొంగలకి తుపాకులమ్మిన పాపానికి ఒక ముసలమ్మ ఆయన్ని గొడుగుతో పొడిచింది గుర్తుందా? ఆ సినిమా ఆవిడ టీవీలో చూసింది ముందురోజే. ఈయన ఆవిడకి క్షమాపణ చెప్పుకుని, సంచీ మోసుకెళ్ళి కారు దాకా దిగబెట్టి వచ్చారు.

నువ్వు రెండో క్లాసులో ఉండగా, నిన్న మీ నాన్నని ఉరి తీశారుగా అని పిల్లలు ఏడిపిస్తే ఏడుస్తూ ఇంటికొచ్చావు. ఆ రోజు నుంచే ఆయన ఆ అలవాటు పెట్టుకున్నారు. ఏ సినిమాలో చచ్చిపోయినా, మేకప్ కడుక్కోకముందే ఇంటికి ఫోను చేసేవారు. “ఇర్మా, పోయానోయ్. ఇంకో గంటలో ఇంటికొస్తున్నా, మీట్‌లోఫ్ పొయ్యిలో పెట్టు.” నేను రిసీవరు చేత్తో మూసి, నాన్న పోయారట, చేతులు కడుక్కో అని నీతో చెప్పేదాన్ని. ఆయన వచ్చి సరుకుల అలమర తలుపు లోపలివైపు, దారానికి కట్టిన పెన్సిలుతో ఒక గీత గీసేవారు. ఆ తలుపుకి ఒకవైపు నీ ఎత్తు గీతలు, ఇంకోవైపు ఆయన చావుల గీతలు. ఏ ఇంట్లో ఉంటాయమ్మా ఇలాంటి లెక్కలు!

ఇక నా సంగతీ నీకు తెలుసు. సినిమా చూసొచ్చిన ప్రతిసారీ నేను పెట్టే పేచీ ఒకటే. పడటం బాగా పడతారు, కళ్ళు బాగా తేలేస్తారు, కానీ ఊపిరి ఆపలేరు. చొక్కా రెండో బొత్తాం పైకీ కిందకీ ఆడుతూనే ఉంటుంది. హాల్లో ఎవరికీ కనబడదు. నాకు ఆ ఒక్కటే కనబడుతుంది. “ఏమయ్యా హాస్కిన్స్, ఈసారీ బతికే ఉన్నావు” అనేదాన్ని. ఆయన గుడ్లురిమి, ఈ దేశంలో నా బొత్తాం చూడటానికి టిక్కెట్టు కొనేది నువ్వొక్కదానివే అనేవారు. నలభై ఏళ్ళు ఇదే మా సరసం.

ఇక నీ అసలు ప్రశ్నలు. వాటిని కావాలనే వెనక్కి నెట్టాను. మరణ పత్రం నకలులో స్థలం దగ్గర మన ఊరి పేరు ఎందుకు లేదన్నావు. పక్కన ఎవరున్నారు, పడిపోయాక ఎన్ని నిమిషాలకి చూశారు, చివరికి ఏమైనా అన్నారా అని అడిగావు. ఎనిమిదేళ్ళు గుండెజబ్బుల వార్డులో నర్సు చేసిన పిల్లవి. ఏదో ఒకరోజు అడుగుతావని నాకు తెలుసు.

మీ నాన్న మధ్యాహ్నం భోంచేసి, కుర్చీలో కునుకు తీస్తూ పోయారని ఫోనులో చెప్పాను. అది అబద్ధం మేవిస్. అప్పుడు నీకు ఎనిమిదో నెల. రక్తపోటు పెరిగి, మంచం దిగితే బిడ్డ దక్కదని అన్నారు. గ్లెన్ ముందుగా ఫోను తీసి, నెమ్మదైన మాటలే చెప్పండత్తయ్యా అని బతిమాలాడు. కుర్చీ కంటే నెమ్మదైనది నాకు తోచలేదు. ఇప్పుడు పాప క్షేమంగా బయటపడింది, నువ్వు లేచి తిరుగుతున్నావు. ఇక దాచితే అది నీ కోసం అవదు, నా కోసం అవుతుంది.

మీ నాన్న పోయింది సెట్లో. సెప్టెంబరు తొమ్మిది, గురువారం, మధ్యాహ్నం మూడు దాటాక. న్యూహాల్ అవతల కొండల్లో ఒక పశువుల క్షేత్రంలో కౌబాయ్ ఊరు వేశారు. ఆయనది తంతి గుమస్తా వేషం. దొంగలు అడిగిన టెలిగ్రాం ఇవ్వనంటాడు, కాల్చేస్తారు. డైరెక్టరు కెర్విన్ ముప్పై ఏళ్ళవాడు. ఈయన చావులు చూసీ చూసీ సినిమాల్లోకి వచ్చానని నాతో తనే చెప్పాడు. ఒక్కరోజు వేషాలకి అలవాటుపడ్డ మనిషికి ఏకంగా నాలుగు రోజుల పని ఇచ్చాడు.

సెట్‌కి పెళ్ళాలు రావడం మీ నాన్నకి గిట్టేది కాదు. నలభై ఏళ్ళలో నేను వెళ్ళింది రెండుసార్లు. ఆ రోజు మాత్రం తనే అడిగారు. “ఇదే ఆఖరిది ఇర్మా, ఇక చాలనుకుంటున్నా. వచ్చి చూడు. ఇంటికొచ్చాక తిట్టడం కాదు, అక్కడే తిట్టు.” పొద్దున చొక్కా రెండో బొత్తాం వదులైందని నా ముందు నిలబడ్డారు. రెండు పోగుల దారంతో కుట్టాను. గట్టిగా బిగించు, అది కదలకపోతే నీకు అనడానికేమీ మిగలదు అని నవ్వారు. సూది నా వేలికి గుచ్చుకుంటే ఆ వేలు పట్టుకుని ఊదారు కూడా. మొహంలో కాస్త నీరసం ఉందేమోనని ఇప్పుడనిపిస్తోంది. అప్పుడు ఏమీ అనిపించలేదు.

ఎండ మండిపోతోంది. నన్ను దీపాల స్తంభం పక్కన గుడ్డ కుర్చీలో కూర్చోబెట్టారు. నా పక్కనే సెట్ నర్సు మిస్ డెల్గాడో, నీకంటే చిన్నదే, మందుల పెట్టె ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. మొదటిసారి ఏదో వెలుతురు కుదరలేదని ఆపారు. రెండోసారి తుపాకీ పేలింది. మీ నాన్న వరండా స్తంభం పట్టుకున్నారు, మోకాళ్ళ మీద కూలారు, మెల్లిగా వెల్లకిలా పడ్డారు. కెర్విన్ కెమెరాని కొన్ని క్షణాలు ఆయన మీదే ఉంచి, అప్పుడు కట్ అన్నాడు.

ఒక నటుడి ఆఖరి షాట్ అయిపోతే అసిస్టెంటు మైకులో చెప్పడం, పనివాళ్ళంతా చప్పట్లు కొట్టడం ఆనవాయితీ. ఇంతకాలం ఆయనకి చప్పట్లు కొట్టినవాళ్ళు తక్కువ. ఎవరు వచ్చారో ఎవరు వెళ్ళారో పట్టించుకునేంత వేషాలు కావు మరి. ఆ రోజు హాస్కిన్స్ గారి పని పూర్తయిందని చెప్పగానే అందరూ లేచి నిలబడ్డారు. కెర్విన్ కట్ అన్నప్పుడే కెమెరా ఆపొద్దని సైగ చేసి ఉంచాడు, ఈ చప్పట్లు కూడా తీసి ఆయనకి కానుకగా ఇవ్వాలని. మీ నాన్న లేవలేదు. ఎవరూ కంగారు పడలేదు. కట్ అన్నాక కూడా శవంలా పడి ఉండి, అందరూ నవ్వడం మొదలుపెట్టాక కుడిచెయ్యి ఒక్కటి పైకెత్తి కాఫీ అడగడం ఆయన పాత చమత్కారం. ఊళ్ళో ఉన్న పనివాళ్ళందరికీ తెలుసు. క్యాంటీన్ బండి వాడు అప్పటికే కప్పు నింపుకొచ్చి, ఆయన పక్కన వంగి నిలబడ్డాడు. అందరం నవ్వుతూ ఆ చెయ్యి కోసం చూస్తున్నాం. కప్పు పట్టుకున్నవాడి మొహం మొదట మారింది. మిస్ డెల్గాడో పరుగెత్తి మోకాళ్ళ మీద కూర్చుని గుండె నొక్కింది, నోట్లో ఊపిరి ఊదింది. అంబులెన్సు వచ్చేదాకా ఊదుతూనే ఉంది. చప్పట్లు కొట్టిన నా చేతులు అలాగే ఒకదాన్నొకటి పట్టుకుని ఉండిపోయాయి.

ఇంతవరకే రాసి పోస్టు చేద్దామని నిన్న కవరు కూడా అంటించాను. పొద్దున మళ్ళీ చింపాను.

అంత్యక్రియలైన మూడో వారంలో కెర్విన్ ఇంటికొచ్చాడు. కుర్చీ అంచున కూర్చుని, టోపీ చేతుల్లో తిప్పుతూ, ఆ షాట్ సినిమాలో ఉంచుకోవచ్చా అని అడిగాడు. చూడనిదే ఏమీ చెప్పనన్నాను. స్టూడియోలో చిన్న గదిలో నాకు వేసి చూపించారు. కెమెరా ఆపొద్దన్నాడు కదా, అంతా పడింది. బొమ్మతో పాటు మాటలూ పడ్డాయి. చప్పట్లకి ముందు ఒక ఆడగొంతు గట్టిగా వినబడింది. ఎవరా అని ఒక్క క్షణం వెతుక్కున్నాను. అది నా గొంతు. గదిలో ఉన్నవాళ్ళందరూ తమ బూట్లు చూసుకున్నారు.

ఇప్పుడు చెబుతున్నాను, చదువు. ఆయన పడి, కట్ అనగానే మిస్ డెల్గాడో కుర్చీలోంచి లేచింది. ఏం తోచిందో ఆ పిల్లకి, పెట్టె కింద పెట్టేసి అడుగు వేసింది. నేను ఆ పిల్ల మణికట్టు పట్టుకుని ఆపాను. “ఆగమ్మా, చెడగొట్టకు. ఆ రెండో బొత్తాం చూడు. నలభై ఏళ్ళుగా పోరుతున్నాను, ఇవాళ్టికి నేర్చుకున్నాడీ మనిషి.” చుట్టుపక్కలవాళ్ళు పగలబడి నవ్వారు. ఆ చప్పట్లు ముందు మొదలుపెట్టింది కూడా నేనే. గర్వంతో కొట్టాను మేవిస్. బొత్తాం కదలడం లేదని మురిసిపోయి కొట్టాను.

నేనేనా ఆ పని చేసింది అని ఇప్పటికీ నమ్మలేకపోతున్నాను. మెతుకు నోట్లో పెట్టుకుంటే గుర్తొస్తుంది, ఎక్కడిదక్కడ ఆగిపోతాను. వాన రేకుల మీద పడితే చప్పట్లలా వినిపించి, లేచి కిటికీలన్నీ మూస్తున్నాను. మిస్ డెల్గాడో అంత్యక్రియలకి వచ్చి నన్ను కౌగలించుకుంది. ఎవరికీ ఏమీ చెప్పలేదు. ఆ పిల్ల మంచితనం నన్ను ఇంకా కుంగదీసింది.

ఎన్ని నిమిషాలని అడిగావు కదా. ఆ గదిలో మూడుసార్లు వేయించుకుని, చేతి గడియారం పెట్టి చూశాను. ఆయన తల నేలకి తాకినప్పటి నుంచి మిస్ డెల్గాడో చెయ్యి ఆయన గుండె మీద పడేదాకా ఒక నిమిషం యాభై సెకన్లు. నేను ఆమె మణికట్టు పట్టుకున్నది పన్నెండో సెకనుకి. అంటే నా మాట వల్ల పోయింది ఒక నిమిషం ముప్పై ఎనిమిది సెకన్లు. అవి ఆయనకి సరిపోయేవా? ఇదొక్కటే నాకు కావాలి. డాక్టరు భుజం తట్టి, ఏం చేసినా దక్కేవారు కాదమ్మా అన్నాడు. కెర్విన్ ఏడుస్తూ తప్పంతా తనదేనన్నాడు. వాళ్ళిద్దరూ ఓదార్చారు, నాకు ఓదార్పు వద్దు. నువ్వు అలాంటి గుండెలు వందలు చూశావు. నేను నీకు అబద్ధం చెప్పాను నిజమే, నువ్వు మాత్రం నాకు చెప్పొద్దు. నీ జవాబు ఏదైనా భరిస్తాను. తెలియకపోవడం భరించలేకపోతున్నాను.

ఈ ఉత్తరంతో స్టూడియోవాళ్ళ అనుమతి కాగితం ఒకటి పెట్టాను. ఆయన పడి, కట్ అనేదాకా మాత్రమే వాడుకుంటారట. చప్పట్లూ, నా గొంతూ ఉన్న మిగతా ముక్క కాల్చేస్తామని కెర్విన్ మాట ఇచ్చాడు. బదులుగా సినిమా మొదట్లో తెర మీద ఇంకెవరి పేరూ లేకుండా ఎల్వుడ్ హాస్కిన్స్ అని ఒక్కటే వేస్తారట. నలభై ఒక్క ఏళ్ళలో ఆయనకి అలా ఎప్పుడూ పడలేదు. కాగితం మీద కూతురూ భార్యా ఇద్దరూ సంతకం పెట్టాలి. ఆయనైతే చదవకుండా పెట్టేవారు. నేను వద్దనుకుంటే అది ఆయన పరువు కోసమో, నా మొహం దాచుకోవడం కోసమో తేల్చుకోలేకపోతున్నాను. సరేనంటే, నేను చేసినదానికి డబ్బాలో నిప్పు పెట్టించి చేతులు దులుపుకున్నట్టుంది. నీకన్నీ తెలిశాయి కాబట్టి ముందు నువ్వు నిర్ణయించు. నువ్వు సంతకం పెడితే దాని కింద నేనూ పెడతాను. పెట్టకపోతే చింపేస్తాను, కారణం అడగను.

మొన్న అలమర తలుపు తెరిచి లెక్కపెట్టాను. నూట నలభై రెండు గీతలున్నాయి. ఇంకొకటి గీద్దామని పెన్సిలు పట్టుకుని చాలాసేపు నిలబడ్డాను. తర్వాత తట్టింది, ఇంటికి తిరిగొచ్చిన చావులకే ఆయన గీతలు గీసుకునేవారని. పెన్సిలు దారానికి అలాగే వదిలేశాను. దాని పక్కనే కింద కాస్త చోటుంది. వేసవిలో పాపని తీసుకొస్తే నిలబెట్టి ఎత్తు గీద్దాం. ఈ ఉత్తరం చదివాక కూడా నువ్వు వస్తానంటే.

నీ ఆఖరి ప్రశ్న ఒకటి మిగిలింది. చివరికి ఏమైనా అన్నారా అని. ఏమీ అనలేదు. ఆ సన్నివేశంలో స్తంభం పట్టుకుని, తనని కాల్చిన దొంగ వైపు చూడాలి. మొదటిసారి అలాగే చూశారు. రెండోసారి అటు చూడలేదు. కెమెరా దాటి, దీపాల స్తంభం పక్కకి చూశారు, ఏదో అడగబోతున్నట్టు. నటన అంటే అదీ అని కెర్విన్ ఆ గదిలో అన్నాడు. సినిమా చూసేవాళ్ళందరూ రేపు అదే అంటారు. ఆ పక్కన ఉన్నది నా కుర్చీ. ఆ చూపు నేను తెర మీద చూసేదాకా నాకు తెలియదు. ఆయన నన్ను చూశారు మేవిస్. నేను బొత్తాం చూస్తున్నాను.

ఇట్లు,
నీ జవాబు ఏదైనా సరే రావాలని కోరుకునే
మీ అమ్మ,
ఇర్మా